కాజీపేటలో దిగి మళ్ళీ కాజీపేటలో ఎక్కేలోపు: ఓరుగల్లు ప్రైవేట్ గైడ్ టూర్ ఎలా ఉందంటే

ముప్పై రెండేళ్ళుగా హన్మకొండలో ఉంటున్నదాన్ని. మా ఊరు చూపించడానికి డబ్బులిచ్చి మనిషిని పెట్టుకోమని ఎవరైనా చెబితే నవ్వేదాన్ని. మొన్న డిసెంబర్లో పెట్టుకున్నాను. కారుతో కలిపి మూడున్నర వేలు. ఆ డబ్బు ఎక్కడ గిట్టుబాటయింది, ఎక్కడ కాలేదు అన్నది రాస్తున్నాను.

మా అక్క, బావగారు విశాఖ నుంచి ఢిల్లీలో ఉన్న కొడుకు దగ్గరికి వెళ్తూ దారిలో మమ్మల్ని చూసిపోతామన్నారు. పొద్దున తొమ్మిదింటికి కాజీపేటలో దిగి, సాయంత్రం ఐదుంబావుకు అక్కడే ఇంకో రైలెక్కాలి. ఇంటికి వచ్చి భోంచేసి కూర్చోండి అంటే అక్క వినలేదు. "ముప్పై ఏళ్ళ నుంచి వేయి స్తంభాల గుడి గుడి అంటావు, ఒక్కసారన్నా చూపించావా?" అంది. చూపించొచ్చు. కానీ నా మోకాళ్ళు ఒక సంగతి. రెండోది, కిందటిసారి మా వియ్యపురాలిని తీసుకెళ్తే ఆవిడ గుడి ముందున్న శాసనం చూసి "దీని మీద ఏం రాశారండీ?" అని అడిగింది. నేను "ఏదో పాతది" అన్నాను. ఆ రాత్రంతా నాకు సిగ్గుగానే ఉంది.

బావగారు విశాఖ పోర్టులో పనిచేసి రిటైరయ్యారు. పెద్ద పెద్ద టూరిస్టు ఓడలు వచ్చినప్పుడు, దిగినవాళ్ళు పేరు రాసిన అట్ట పట్టుకున్న గైడు కోసం వెతుక్కోవడం, నాలుగైదు గంటల్లో ఊరు చూసి పరుగున వెనక్కి రావడం ఆయన చూసినవారే. ఫోన్లో ముందే షరతు పెట్టారు. "ఓడ ఎవరి కోసమూ ఆగదమ్మా, రైలూ అంతే. ఎన్ని చూపిస్తాడని కాదు, ఎన్నింటికి తెచ్చి దింపుతాడో అది అడుగు." అదే అడిగాను. నాలుగున్నరకల్లా స్టేషన్లో ఉంటామని గైడు వాట్సాప్‌లో రాసిచ్చాడు. రామప్ప కూడా చూపిస్తానని మొదట అన్నాడు. పోయిరావడానికే మూడు గంటలు దాటుతుంది, అది వేరే రోజు పని అని నేనే కొట్టేశాను. మీరూ కొట్టేయండి. యునెస్కో గుర్తింపు వచ్చిన గుడిని గంటలో చూసి పరిగెత్తడం పాపం.

గైడు పాతికేళ్ళ కుర్రాడు, కాకతీయ యూనివర్సిటీలో హిస్టరీ ఎమ్మే చేశాడట. మా పక్కింటివాళ్ళ అబ్బాయి ద్వారా నంబరు దొరికింది. రైలు యాభై నిమిషాలు లేటు. వెయిటింగ్ చార్జీ అంటాడేమో అనుకున్నాను, ఆ ఊసే ఎత్తలేదు. కారు శుభ్రంగా ఉంది, డిక్కీలో మూడు సూట్‌కేసులు పట్టాయి. మంచినీళ్ళు మాత్రం మనవే.

వేయి స్తంభాల గుడిలో గంటన్నర గడిచింది. గడియారం చూసుకోనిది అక్కడే. లోపలికి పోగానే మామూలు గైడులు రాజుల పేర్లు గడగడా చదువుతారు. ఇతను నేరుగా ఆ శాసనం దగ్గరికి తీసుకెళ్ళాడు. 1163లో రుద్రదేవుడు వేయించింది, రాసిన కవి అచింతేంద్రుడు. కాకతీయులు అంతకుముందు చాళుక్యుల కింద సామంతులు. ఈ గుడి కట్టించి, ఈ రాతి మీద తన విజయాలన్నీ చెక్కించి, రుద్రదేవుడు ఇక నేను ఎవరి కిందా లేనని చాటుకున్నాడట. అంటే నేను ముప్పై ఏళ్ళుగా చెప్పులు విప్పుకునే చోట పక్కనే ఒక రాజ్యం ప్రకటన నిలబడి ఉంది!

మా అక్క తెలుగు టీచరుగా రిటైరయింది. భాష సంస్కృతం, లిపి మాత్రం మన తెలుగు కన్నడ అక్షరాలు విడిపోకముందుదని అతను చెప్పేసరికి కళ్ళద్దాలు తుడుచుకుని రాయి ముందు కూర్చుండిపోయింది. అతను రాయిని ముట్టుకోకుండా, ఫోన్ టార్చి పక్క నుంచి ఏటవాలుగా వేశాడు. ఎదురుగా వేస్తే ఏమీ కనిపించదు, పక్క నుంచి వేస్తే గాట్లలో నీడ నిలిచి అక్షరాలు లేచి వస్తాయి. "ఇది ర, ఇది వ, ఇదిగో గుడి" అంటూ అక్క ఒక్కొక్కటే పట్టుకుంటుంటే బావగారు "నువ్విక్కడే ఉండు, నేను ఢిల్లీ వెళ్ళొస్తా" అన్నారు.

లోపల శివుడు, విష్ణువు, సూర్యుడు, మూడు గర్భగుళ్ళు. స్తంభాల మీది పూసల దండల చెక్కుడు వెనక కూడా టార్చి పెట్టాడు, రాతి పూసల సందుల్లోంచి వెలుగు బయటికి వచ్చింది. నల్ల నంది ఒంటి నునుపులో బావగారికి తన బట్టతల కనిపించింది. స్తంభాలు వెయ్యి ఉన్నాయో లేవో తేల్చాలని నలభై దాకా లెక్కపెట్టి మానేశారు.

నందికి ఇవతల కల్యాణ మండపం. దీని గురించి గైడు కంటే నేనే ఎక్కువ చెప్పాను. 2006 ప్రాంతంలో బాగుచేస్తామని దాన్ని విప్పి, రాళ్ళ మీద నంబర్లు వేసి ఆరుబయట పేర్చారు. అప్పుడు మా అమ్మాయి స్కూల్లో ఉంది. ఆ పిల్ల చదువైపోయి, పెళ్ళయి, దానికో కొడుకు పుట్టినా ఆ రాళ్ళు అక్కడే ఉన్నాయి. చివరికి 2024 శివరాత్రికి తెరిచారు. కింద పునాది ఇసుక పెట్టె అని గైడు చెప్పాడు. గుంత తవ్వి ఇసుక నింపి దాని మీద కట్టడం నిలబెట్టే పద్ధతి కాకతీయులదట. ఇసుక మీద గుడా అని అక్క నోరు తెరిచింది. బావగారికి మాత్రం ఆశ్చర్యమేమీ కలగలేదు, పోర్టులో ఇసుకతో వేగినవాడు.

ఇక్కడిదాకా అయితే పదికి పది ఇచ్చేదాన్ని.

అక్కడి నుంచి భద్రకాళి గుడికి పోవాలి. కారు ఇంకో దారి పట్టింది. "ఐదు నిమిషాలు మేడం, మన వరంగల్ జంపఖానాలు చూసి పోదాం" అన్నాడు. జంపఖానాలంటే నాకూ ఇష్టమే. కొత్తవాడలో మగ్గాల మీద నేసేవాటికి 2018లో ఈ ఊరి సరుకేనని చెప్పే జీఐ గుర్తింపు కూడా వచ్చింది. కానీ తీసుకెళ్ళింది కొత్తవాడకు కాదు, ఏసీ పెట్టిన ఒక షాపుకు. కూర్చోబెట్టి, కూల్‌డ్రింకులిచ్చి, ఒకదాని మీద ఒకటి పరిచారు. నేను ఒక మూల పట్టుకుని తిరగేశాను. అసలు జంపఖానా ఎటు తిప్పినా ఒకేలా ఉంటుంది, నేతే రెండు వైపులా. ఇది వెనక గోనెపట్టాలా ఉండి జిగురు అంటించిన వాసన కొట్టింది. "ఇది మిషను కార్పెట్టు కదా బాబూ?" అంటే ఆ షాపతను నవ్వి "ఎక్స్‌పోర్ట్ క్వాలిటీ మేడం" అన్నాడు. అక్క మొహమాటానికి ఆరు వందలు పెట్టి ఒక డోర్‌మ్యాట్ కొంది. యాభై నిమిషాలు పోయాయి.

కారులో కూర్చున్నాక గైడును సూటిగానే అడిగాను, కమిషనా అని. తల దించుకుని "కొంచెం ఉంటది మేడం" అన్నాడు. అబద్ధం చెప్పనందుకు కోపం సగం తగ్గింది. మిగతా సగం భద్రకాళి గుడి దగ్గర మళ్ళీ వచ్చింది. ఒంటిగంట దాటి ఐదు నిమిషాలు, తలుపులు మూసేశారు. మధ్యాహ్నం గుడి మూస్తారని ఈ ఊళ్ళో ప్రతి పిల్లకూ తెలుసు. అక్క గోపురానికి దండం పెట్టుకుని వెనక్కి తిరిగింది. చెరువు గట్టు మీద నిలబడి ఆ కుర్రాడు నష్టం పూడ్చుకోవాలని కాబోలు కోహినూర్ కథ ఎత్తుకున్నాడు, అమ్మవారి కంటికి పొదిగిన వజ్రమే అదని. ఈ కథ నాకు ఒళ్ళుమంట. కోహినూర్ కృష్ణా తీరంలో కొల్లూరు గనులదని ఎక్కువమంది ఒప్పుకునే మాట. కంటికి పొదిగారనడానికి రుజువు చూపినవాళ్ళను నేనింతవరకు చూడలేదు. "ఎమ్మే హిస్టరీ చదివి నువ్వే ఇట్ల చెప్తే ఎట్ల నాయనా?" అన్నాను. "టూరిస్టులు అదే అడుగుతరు మేడం" అన్నాడు. గుళ్ళో రాతి మీద అక్షరం అక్షరం చూపించిన మనిషేనా అనిపించింది.

కోటకు చేరేసరికి ఒంటిగంటన్నర. ఇక్కడ మళ్ళీ తేరుకున్నాడు.

ఖిలా వరంగల్‌కు నేను స్కూటీ మీద ఎన్నిసార్లు వెళ్ళానో లెక్కలేదు. రాతి కోట ద్వారం దగ్గర రోడ్డు ఠక్కున పక్కకు తిరిగి మళ్ళీ తిరుగుతుంది. ఎదురుగా ఆటో వస్తే ఆగాల్సిందే, ఈ మలుపు ఎవడు పెట్టాడురా అని తిట్టుకునేదాన్ని. గైడు డ్రైవర్‌ను సరిగ్గా అక్కడే ఆపించాడు. "మీరు ఏనుగు మీద వస్తున్నరనుకోండి సార్, ఎటు నుంచి స్పీడు అందుకుంటరు?" అన్నాడు. తలుపును గుద్దడానికి పరుగెత్తే దారి లేకుండా, తిరిగిన ప్రతిచోటా పైనుంచి బాణం వేయడానికి వీలుగా కట్టిన మలుపు అది. గణపతిదేవుడు మొదలుపెడితే రుద్రమదేవి పూర్తిచేసిన గోడలవి. ఎవడు పెట్టాడో ఇన్నాళ్ళకు తెలిసింది. ఇకపై తిట్టను.

ఈ రాతి గోడ ఒక వైపు నుంచి ఎదురు వైపుకు దాదాపు కిలోమీటరుంబావు, దాని బయటి మట్టి కోట అంతకు రెట్టింపు. మధ్యలో ఇప్పటికీ ఇళ్ళు, పొలాలు, గేదెలు. రాతి ద్వారాల్లాంటి తోరణాల దగ్గర టికెట్లు మనమే తీసుకోవాలి. నాలుగు తోరణాలూ నాలుగు దిక్కులకు ఉంటాయి, మధ్యలో స్వయంభూ శివుడి గుడి ఉండేది. 1323లో ఢిల్లీ సైన్యం గెలిచాక గుడి నేలమట్టమైంది, తోరణాలు మిగిలాయి. వాటి మీద దేవుళ్ళ బొమ్మలు లేకపోవడం వల్ల వదిలేశారని అంటారు, అది అనుకునే మాటేనని ఈసారి తనే చెప్పాడు. నా తిట్లు పనిచేశాయి.

ఒక తోరణం కింద మమ్మల్ని నిలబెట్టి ఎదుటి తోరణంలోంచి చూడమన్నాడు. రెండూ ఒకే గీత మీద ఉన్నాయి. తెలంగాణ రాజముద్రలో రోజూ చూసే బొమ్మే, పై కొసన రాతి హంసలు, కింద వేలాడే మొగ్గలు. పడి ఉన్న ఒక రాతి పక్కన నలుచదరపు గుంత చూపించి, ఇంకో రాతి ముక్కు అందులో దిగేదని చెప్పాడు. సున్నం లేదు, సిమెంటు లేదు, మంచం కోళ్ళకు పట్టెలు బిగించినట్టే.

వేపచెట్టు నీడన నేను తెచ్చిన సర్వపిండి, పెరుగన్నం విప్పాం. గైడుకూ డ్రైవర్‌కూ పెట్టాం. తింటూ ఉండగా బావగారు "మీ రాజులకు సముద్రం లేదు కదా" అని దెప్పారు. "ఎందుకు లేదు సార్!" అని ఆ కుర్రాడు సర్వపిండి ముక్క చేతిలోనే పట్టుకుని మోటుపల్లి శాసనం చెప్పాడు. ఇప్పటి బాపట్ల జిల్లాలో తీరాన ఉన్న ఊరు. తుఫానుకు ఓడ చెడి ఒడ్డుకు కొట్టుకొస్తే అందులో సరుకంతా రాజులు లాక్కునేవారట. 1244లో గణపతిదేవుడు ఇక అలా జరగదు, న్యాయమైన సుంకం తప్ప ఏమీ తీసుకోమని సముద్ర వ్యాపారులకు అభయమిచ్చి రాతి మీద వేయించాడు. సుంకం ముప్పైకి ఒకటి. చందనం, కర్పూరం, ముత్యాలు, దంతం, దేనికెంతో కూడా అందులో ఉంది. బావగారు తినడం ఆపేశారు. "టారిఫ్ బోర్డు రాతి మీదనా!" అన్నారు. తర్వాత పది నిమిషాలు వాళ్ళిద్దరే మాట్లాడుకున్నారు. వచ్చిన మనిషెవరో చూసి కథ మార్చగలగడం, మూడున్నర వేలలో నాకు బాగా నచ్చింది ఇదే.

కోటలోనే ఉన్న ఖుష్ మహల్ అనే పాత భవనాన్ని పదిహేను నిమిషాల్లో ముగించాం. మెట్లు నిటారుగా ఉన్నాయి, నేను కిందే కూర్చున్నాను. పైనుంచి తోరణాలు బాగా కనిపించాయట.

మూడూ నలభైకి బయల్దేరాం. హన్మకొండ చౌరస్తా దాటాక ట్రాఫిక్. ఫాతిమానగర్ బ్రిడ్జి మీద బావగారు ప్రతి నిమిషానికీ వాచీ చూశారు, టెన్షన్‌తో అక్కకూ చెమటలు పట్టించారు. నాలుగూ ఇరవై ఐదుకు స్టేషన్. మాటిచ్చినదానికి ఐదు నిమిషాల ముందే. రైలు లేటైనా, రోజంతా తిప్పినా, మాట్లాడుకున్నదానికి మించి పైసా ఎక్కువ అడగలేదు. బావగారు రెండు వందలు చేతిలో పెట్టబోతే నా వైపు చూసి వద్దన్నాడు, నేను తీసుకోమన్నాకే తీసుకున్నాడు.

మళ్ళీ పిలుస్తానా? పిలుస్తాను. కానీ డబ్బు మాట్లాడేటప్పుడే షాపులు వద్దని చెప్పి, మొదట భద్రకాళి, తర్వాత వేయి స్తంభాలు, ఆఖరుకు కోట అని వరుస నేనే ఇస్తాను. జంపఖానా కావాలంటే కొత్తవాడకు నేనే తీసుకెళ్తాను. ఆరు వందల డోర్‌మ్యాట్ అక్క మా ఇంట్లోనే వదిలేసింది. వారానికే అంచులు ఊడాయి.

రాత్రి పదకొండింటికి రైల్లోంచి అక్క ఫోటో పంపింది, శాసనంలో ఒక అక్షరాన్ని పెద్దది చేసి. "ఇది ద్ర నా, ధ్ర నా? ఆ అబ్బాయిని అడుగు." ఈ వేళప్పుడేం అడుగుతాం అనుకుంటూనే అతనికి పంపాను. రెండు నిమిషాల్లో జవాబు వచ్చింది. "ద్ర మేడం. రుద్రదేవుడి పేరులోది."