కుషాక్, టైగన్, స్లావియా, వర్టస్: పేర్లు నాలుగు, సరుకు ఒకటే

కాంపాక్ట్ ఎస్‌యూవీ కొనాలనుకునేవాళ్లు స్కోడా షోరూమ్‌లో కుషాక్ నడిపి, అక్కడి నుంచి ఫోక్స్‌వ్యాగన్ షోరూమ్‌కి వెళ్లి టైగన్ నడిపి, రెండింటిలో ఏది మంచిదని తర్జనభర్జన పడుతుంటారు. సెడాన్ కావాలనుకున్నవాళ్లకు స్లావియా, వర్టస్ దగ్గర ఇదే సమస్య. పైన తొడుగు మారిందే తప్ప ఈ జంటల్లో లోపల ఉన్నది ఒకే కారు. బ్యాడ్జీ గురించి పడే మథనాన్ని గేర్‌బాక్స్ మీద, మీ ఊరికి దగ్గర్లో ఉన్న సర్వీస్ సెంటర్ మీద పెట్టండి. అయిదేళ్ల తర్వాత మీ జేబుకు తేడా తెలిసేది అక్కడే.

నాలుగూ పుణె దగ్గరి చాకన్ ప్లాంటులోనే తయారవుతాయి. 2018లో ఫోక్స్‌వ్యాగన్ గ్రూప్ 'ఇండియా 2.0' పేరుతో వంద కోట్ల యూరోల పెట్టుబడి ప్రకటించి, ఆ బాధ్యత స్కోడాకు అప్పగించింది. గ్రూపులోని చిన్న కార్లకు వాడే ఎంక్యూబీ-ఏ0 ప్లాట్‌ఫామ్‌ను మన దేశానికి తగ్గట్టు మార్చి ఎంక్యూబీ-ఏ0-ఐఎన్ అన్నారు. దాని మీద 2021 జూన్‌లో కుషాక్, సెప్టెంబరులో టైగన్, 2022 ఫిబ్రవరి చివర్లో స్లావియా, జూన్‌లో వర్టస్ వచ్చాయి.

ప్లాట్‌ఫామ్ అంటే చాలామంది కింద ఉండే ఛాసీ రేకు అనుకుంటారు. ఎంక్యూబీ అలాంటిది కాదు. 2012లో ఆడి ఏ3తో, ఏడో తరం గోల్ఫ్‌తో మొదలైన ఈ పద్ధతిలో ముందు చక్రాల ఇరుసుకీ పెడల్స్‌కీ మధ్య దూరాన్ని స్థిరంగా ఉంచుతారు. ఇంజిన్ ఏదైనా సరే, 12 డిగ్రీలు వెనక్కి వాలి ఒకే తీరులో కూర్చుంటుంది. వీల్‌బేస్ (ముందు, వెనక ఇరుసుల మధ్య దూరం), వెడల్పు, బంపర్ల పొడవు మాత్రం మోడల్‌ని బట్టి మార్చుకోవచ్చు. ఆ ఒక్క దూరాన్నే ఎందుకు బిగించారంటే, కారు డిజైన్‌లో ఎక్కువ డబ్బు, ఎక్కువ కాలం తినేసే భాగమంతా అక్కడే ఉంది: ఇంజిన్ మౌంట్లు, స్టీరింగ్, పెడల్స్, ఏసీ యూనిట్, గుద్దుకున్నప్పుడు దెబ్బను తీసుకునే ముందు నిర్మాణం. దాన్ని ఒకసారి చేసిపెట్టుకుంటే గ్రూపులోని అన్ని బ్రాండ్లూ వాడుకుంటాయి.

కొలతలు చూస్తే విషయం తెలిసిపోతుంది. నాలుగింటి వీల్‌బేస్ 2651 మి.మీ. కుషాక్ పొడవు 4225, టైగన్ 4221. రెండింటి డిక్కీ 385 లీటర్లు, ట్యాంకు 50 లీటర్లు. స్లావియా 4541, వర్టస్ 4561 మి.మీ. వీటి డిక్కీ 521 లీటర్లు, ట్యాంకు 45 లీటర్లు. ఒక జంటలో మహా అయితే రెండు సెంటీమీటర్ల తేడా, అదీ బంపర్ల ఆకారం వల్ల వచ్చిందే.

పుట్టిన తరగతి వల్ల వచ్చిన లోటు కూడా నాలుగింటికీ ఒకటే. ఏ0 అంటే గ్రూపులో చిన్న కార్ల తరగతి. పొడవు పెంచడం తేలిక, వెడల్పు పెంచడం కష్టం. అందుకే ఎస్‌యూవీలు 1760 మి.మీ., సెడాన్లు 1752 మి.మీ. దగ్గర ఆగిపోయాయి. వీటితో పోటీపడే హ్యుందాయ్ క్రెటా 1790 మి.మీ. ఉంటుంది. వెనక సీట్లో కాళ్లకు బోలెడు చోటు, భుజాలకు మాత్రం కరువు. వెనక ముగ్గురు పెద్దవాళ్లు హైదరాబాద్ నుంచి తిరుపతి దాకా కూర్చోవాలంటే ఇబ్బందే. మీ ఇంట్లో ఎప్పుడూ అయిదుగురు ప్రయాణిస్తారంటే ఈ నాలుగింటిలో దేన్ని ఎంచుకున్నా ఆ సమస్య పోదు, వేరే కారు చూసుకోండి.

భద్రత విషయంలో ఈ పంచుకోవడం కొనేవాడికి మేలే చేసింది. 2022 అక్టోబరులో కార్లను గుద్దించి పరీక్షించే సంస్థ గ్లోబల్ ఎన్‌క్యాప్ ఇచ్చిన ఫలితాల్లో కుషాక్‌కీ టైగన్‌కీ అవే మార్కులు: పెద్దల రక్షణకు 34కి 29.64, పిల్లల రక్షణకు 49కి 42, రెండింటిలోనూ అయిదు నక్షత్రాలు. 2023 ఏప్రిల్‌లో స్లావియా, వర్టస్ జంటకు 29.71, 42 వచ్చాయి, మళ్లీ అయిదు నక్షత్రాలే. నిర్మాణం ఒకటే కాబట్టి మార్కులూ ఒకటే. స్కోడా డోరు బరువుగా పడుతుంది, ఫోక్స్‌వ్యాగన్ రేకు మందం అంటూ జరిగే వాదనలకు ఈ నాలుగు కార్ల దగ్గర అర్థం లేదు.

ఇంజిన్లు రెండే. మూడు సిలిండర్ల 1.0 టీఎస్ఐ (గ్రూపు టర్బో పెట్రోల్ ఇంజిన్ల పేరు) 115 పీఎస్ శక్తి, 178 ఎన్ఎం టార్క్ (తిప్పే బలం) ఇస్తుంది. నాలుగు సిలిండర్ల 1.5 టీఎస్ఐ 150 పీఎస్, 250 ఎన్ఎం. రెండూ గ్రూపు ఈఏ211 అని పిలిచే ఇంజిన్ కుటుంబానివే. డైరెక్ట్ ఇంజెక్షన్, టర్బో, టైమింగ్ చెయిన్ బదులు బెల్టు. ఇంజిన్ మీద భారం తక్కువగా ఉన్నప్పుడు 1.5లో మధ్యనున్న రెండు సిలిండర్లు పని ఆపేస్తాయి. హైవే మీద ఎనభై, తొంభైలో నిలకడగా పోతే పెట్రోలు ఆదా స్పష్టంగా కనిపిస్తుంది. ఊళ్లో ఆ సౌకర్యానికి అవకాశం తక్కువ.

అసలు ఎంపిక గేర్‌బాక్స్ దగ్గర చేయాలి. 1.0 ఆటోమేటిక్‌లో ఈ నాలుగూ బజారులోకి వచ్చింది ఆరు గేర్ల టార్క్ కన్వర్టర్‌తో. అందులో ఇంజిన్ శక్తి నూనె ద్వారా గేర్‌బాక్స్‌కి అందుతుంది, ట్రాఫిక్‌లో పాకించినా అరిగిపోయే క్లచ్ పలక అక్కడ లేదు. 1.5 ఆటోమేటిక్‌కి ఏడు గేర్ల డీఎస్‌జీ ఇచ్చారు, గ్రూపులో దాని పేరు డీక్యూ200. దీనిలో రెండు పొడి క్లచ్‌లుంటాయి. బేసి గేర్లకు ఒకటి, సరి గేర్లకు, రివర్స్‌కు ఇంకొకటి. ఒక గేరులో పోతుండగానే తర్వాతి గేరు సిద్ధంగా ఉంటుంది కాబట్టి మార్పు కళ్లు మూసి తెరిచేలోగా అయిపోతుంది. ఖాళీ రోడ్డు మీద ఈ జోడీ ఇచ్చే ఆనందం ఈ ధరలో మరో కారు ఇవ్వదు.

కానీ పొడి క్లచ్‌కి వేడి పడదు. అమీర్‌పేట నుంచి హైటెక్ సిటీ దాకా సాయంత్రం అయిదు కి.మీ. వేగంతో పాకుతుంటే క్లచ్ పూర్తిగా పట్టుకోకుండా జారుతూనే ఉంటుంది. ఆ రాపిడి వేడికి పలకలు అరుగుతాయి. మొదటి గేరు నుంచి రెండో గేరుకి మారేటప్పుడు వణుకు మొదలవుతుంది. క్లచ్‌ని, గేర్లని నడిపించే మెకట్రానిక్ యూనిట్ చెడిపోవడం ఇంకో రకం జబ్బు. అప్పుడు డ్యాష్‌బోర్డు మీద గేర్‌బాక్స్ హెచ్చరిక వస్తుంది, కొన్ని గేర్లు పడవు. జాగ్రత్త కష్టమేమీ కాదు. ముందు కారుకి కొంత దూరం వదిలి, ఖాళీ ఏర్పడ్డాక ఒకేసారి కదలండి. బ్రేకు పూర్తిగా తొక్కి ఉంచితే క్లచ్ విడిపోయే ఉంటుంది, కాలు సగం వదిలి పాకించినప్పుడే అరుగుదల. ఫ్లైఓవర్ ఎత్తు మీద కారుని యాక్సిలరేటర్‌తో ఆపి పట్టుకోవద్దు. రోజూ ఇలాంటి ట్రాఫిక్‌లో గంటన్నర గడిపేవాళ్లకు మా సలహా 1.0 టార్క్ కన్వర్టర్. దాని నూనె 60,000 కి.మీ. దగ్గర మార్పించుకుంటే చాలు.

భాగాలు పంచుకుంటే వాటి లోపాలూ పంచుకోవాలి. 2013లో ఈ డీక్యూ200 మీద ఫిర్యాదులు వచ్చి చైనాలో 3.8 లక్షలకు పైగా కార్లను వెనక్కి పిలిపించారు. ఒక్క బ్రాండ్ కాదు, ఫోక్స్‌వ్యాగన్, ఆడి, స్కోడా మూడూ అందులో ఉన్నాయి. 2015లో ఈఏ189 డీజిల్ ఇంజిన్ పొగ పరీక్షల వ్యవహారం బయటపడ్డాక మన దేశంలో వెనక్కి పిలవాల్సిన కార్లు 3,23,700. వాటిలో ఫోక్స్‌వ్యాగన్ 1,98,500, స్కోడా 88,700, ఆడి 36,500. ఆడికి ఎంత ఎక్కువ ధర పెట్టినా ఇంజిన్ అదే కాబట్టి తప్పించుకోలేదు. 2021లో మొదటి కుషాక్ కార్లలో కొన్నింటికి ఈపీసీ దీపం (ఇంజిన్ నియంత్రణలో లోపముందని చెప్పే హెచ్చరిక) వెలిగి ఇంజిన్ బలం తగ్గిపోయేది. కారణం ఫ్యూయల్ పంపు అని తేల్చి, కంపెనీ మరింత గట్టి పంపు వేసి ఇచ్చింది. ఆ సంవత్సరపు కుషాక్‌ని సెకండ్ హ్యాండ్‌లో చూస్తుంటే సర్వీస్ రికార్డులో పంపు మార్చినట్టు నమోదై ఉందో లేదో అడగండి. అందుకే మీ కారు మీద ఏ సమస్యనైనా వెతికేటప్పుడు దాని జంట పేరుతో కూడా వెతకాలి. వర్టస్ యజమానికి కావలసిన జవాబు చాలాసార్లు స్లావియా వాళ్ల దగ్గర దొరుకుతుంది.

ఈఏ211లో గమనించాల్సిన ఇంకో చోటు కూలెంట్ పంపు. థర్మోస్టాట్‌తో కలిపి ఒకే ప్లాస్టిక్ కూర్పుగా ఇంజిన్‌కి గేర్‌బాక్స్ వైపు ఉంటుంది, దానికంటూ వేరే చిన్న బెల్టు ఉంటుంది. సీలు దగ్గర కారితే గులాబీ రంగు మరక ఎండిపోయి కనిపిస్తుంది. ఆరునెలలకోసారి ఇంజిన్ చల్లారాక ట్యాంకులో మట్టం చూడండి. తగ్గితే ఏ పెట్రోలు బంకులోనో దొరికే ఆకుపచ్చ కూలెంట్ పోయించకుండా, గ్రూపు నిర్దేశించిన గులాబీ రంగు కూలెంటే పోయించండి. రెండూ కలిస్తే తుప్పు ఆపే గుణం పోతుంది.

ఇక విడిభాగాలు. గ్రూపులో ప్రతి భాగానికీ నెంబరు మూడేసి అక్షరాల ముక్కలుగా ఉంటుంది. ఇది చదవడం వస్తే కౌంటర్ దగ్గర మోసపోరు. ఉదాహరణకు ఆయిల్ ఫిల్టర్ నెంబరు 04ఇ 115 561. మొదటి ముక్క ఆ భాగాన్ని ఏ మోడల్ కోసం లేదా ఏ ఇంజిన్ కోసం మొదట తయారు చేశారో చెబుతుంది, 04ఇ అంటే ఈఏ211. రెండో ముక్కలోని మొదటి అంకె విభాగం: 1 ఇంజిన్, 2 ఇంధనం, ఎగ్జాస్ట్, 3 గేర్‌బాక్స్, 4 ముందు ఇరుసు, స్టీరింగ్, 5 వెనక ఇరుసు, 6 చక్రాలు, బ్రేకులు, 8 బాడీ, 9 కరెంటు. చివరి మూడంకెలు ఆ భాగం. కుడి, ఎడమ జంటగా ఉండేవాటికి బేసి అంకె ఎడమ, సరి అంకె కుడి. ఆ తర్వాత ఒకటో రెండో అక్షరాలుంటే అవి మార్పు గుర్తులు, వాటిని నిర్లక్ష్యం చేయకూడదు. మూడు ముక్కల్లోని తొమ్మిది గుర్తులూ సరిపోయి చివరి అక్షరం తేడా వస్తే భాగం బిగుసుకోవచ్చు, కానీ లోపలి అమరిక వేరే అయి ఉండొచ్చు. కారు ఛాసీ నెంబరు ఇచ్చి గ్రూపు క్యాటలాగ్ ఈటీకేఏలో చూడమంటే కౌంటర్‌లో ఉన్నవాళ్లు కచ్చితమైన అక్షరం చెబుతారు.

పెట్టె మీద ఆడి నాలుగు ఉంగరాలున్నా, స్కోడా రెక్కల బాణం ఉన్నా నెంబరు ఒకటైతే వస్తువు ఒకటే. ఫిల్టర్లు, ప్లగ్గులు, ఇంజిన్ సెన్సర్లు, సస్పెన్షన్ బుష్‌లలో చాలావరకు జంట కారు నుంచి నిస్సంకోచంగా వాడుకోవచ్చు. మీ ఊళ్లో స్కోడా డీలర్ దగ్గర స్టాకు లేకపోతే అదే నెంబరుతో ఫోక్స్‌వ్యాగన్ డీలర్‌ని అడగండి. అలాయ్ చక్రాలకు బోల్టుల అమరిక 5x100 (100 మి.మీ. వలయం మీద అయిదు బోల్టులు), మధ్య రంధ్రం 57.1 మి.మీ. స్కోడా పెద్ద సెడాన్ ఆక్టేవియా చక్రాలు 5x112, చూడ్డానికి సరిపోయేలా ఉన్నా ఎక్కవు. హెడ్‌లైట్లు, టెయిల్ ల్యాంపులు, బంపర్లు, బానెట్ అస్సలు కలవవు, ఆ పైతొడుగే బ్రాండ్ల తేడా. గుద్దుకుని పోయిన కార్ల నుంచి తీసిన ఎలక్ట్రానిక్ పెట్టెలు చవకగా వస్తున్నాయని కొనొద్దు. క్లస్టర్ (మీటర్ల పెట్టె), ఇమ్మొబిలైజర్ (దొంగతనం జరక్కుండా ఇంజిన్‌ని ఆపే పరికరం) వంటివి మొదటి కారు గుర్తింపుకి కట్టుబడి ఉంటాయి, డీలర్ దగ్గర కోడింగ్ లేకుండా పనిచేయవు.

వారంటీ, సర్వీస్ దగ్గర మాత్రం రెండు బ్రాండ్లూ వేర్వేరు దుకాణాలు. టైగన్ వారంటీ పనిని స్కోడా వర్క్‌షాప్ చేయదు. 15,000 కి.మీ.కి లేదా ఏడాదికి ఒక సర్వీస్. హైదరాబాద్, విజయవాడ, విశాఖల్లో రెండూ దొరుకుతాయి. అక్కడి నుంచి జిల్లాల లోపలికి పోయేకొద్దీ ఏ బ్రాండ్ వర్క్‌షాప్ దగ్గర్లో ఉందన్నదే మీ కొనుగోలుని తేల్చాలి. మిగతా తేడాలన్నీ దాని తర్వాతే.

అయితే తేడాలే లేవా? ఉన్నాయి, కానీ అవి చూపుకి, అమ్మకపు లెక్కకి సంబంధించినవి. స్కోడా లోపల రెండు పుల్లల స్టీరింగ్, గుండ్రని గీతలు. ఫోక్స్‌వ్యాగన్‌లో తిన్నని గీతలు, ముదురు రంగులు. స్లావియా 1.5 మొదట్నుంచీ మాన్యువల్‌తోనూ దొరికింది. వర్టస్ 1.5 డీఎస్‌జీతోనే వచ్చి 2023లోగాని మాన్యువల్ పొందలేదు. ఏ గేర్‌బాక్స్ ఏ పేరు కింద అమ్మాలన్నది ఇంజినీర్లు కాదు, మార్కెటింగ్ వాళ్లు నిర్ణయించేది. కాబట్టి వేరియంట్ జాబితాని కొనే రోజున మళ్లీ చూసుకోండి.

పెనుకొండ దగ్గర తయారయ్యే కియా సెల్టోస్‌కీ హ్యుందాయ్ క్రెటాకీ మధ్య కూడా ఇదే బంధుత్వం. 1.5 టర్బో పెట్రోల్ రెండింటిలోనూ 160 పీఎస్, 253 ఎన్ఎం. మారుతి బాలెనో, టయోటా గ్లాంజా సంగతి వేరు. అవి రెండు వేర్వేరు కంపెనీల ఒప్పందం, అక్కడ పైతొడుగు కూడా దాదాపు ఒకటే.

ఇప్పుడు సెకండ్ హ్యాండ్‌లో ఈ నాలుగింటిలో ఏదైనా చూస్తుంటే ఇంకొక్కటి గుర్తుంచుకోండి. తొలి ఏళ్ల కింది వేరియంట్లలో, ఉదాహరణకు కుషాక్ యాక్టివ్, టైగన్ కంఫర్ట్‌లైన్‌లలో, ఎయిర్‌బ్యాగులు రెండే. అయిదు నక్షత్రాల స్టిక్కర్ చూసి ఆరు ఉన్నాయనుకోవద్దు. సీటు పక్కన, పైన కిటికీల అంచు వెంట ఎయిర్‌బ్యాగ్ గుర్తు అచ్చు ఉందేమో తడిమి చూసి, ఆ తర్వాతే బేరం మొదలుపెట్టండి.