పిలుపు రాయా, నిలిచిన అలా, నీటి గీతా: ఏది మేలు?

వెండిమడ దీవి ఏ మ్యాపులోనూ కనపడదు. బెజవాడలో ముగ్గురం, గుంటూరు నుంచి వచ్చే ఒకావిడ, నలుగురం కలిసి రాస్తున్న మాయల నవలలో మాత్రమే ఉంది. మడ అడవులు, ఉప్పు మళ్ళు, గాలిని మూటకట్టే మాంత్రికులు. కథ మొదలయ్యే నాటికి అక్కడ ఉప్పెన వచ్చి పన్నెండేళ్ళయింది. ఒక్క రాత్రిలో 14,400 మంది పోయారు. వాళ్ళ జ్ఞాపకంగా దీవిలో ఒక మాయ కట్టడం ఉండాలని నలుగురం ఒప్పుకున్నాం. అది ఎలా ఉండాలన్న దగ్గరే పేచీ వచ్చింది.

ఈ ఉప్పెన ఎక్కడిదో కృష్ణా, గుంటూరు జిల్లాల వాళ్ళకి చెప్పక్కర్లేదు. 1977 నవంబరు 19న దివిసీమ మీదికి సముద్రం వచ్చింది. పోయినవాళ్ళు 10,000 మంది దాకా అని సర్కారు లెక్క. అసలు సంఖ్య అంతకు చాలా ఎక్కువన్న మాట అప్పటి నుంచీ ఉంది. కుటుంబాలకు కుటుంబాలే కొట్టుకుపోయిన చోట, ఫలానావాడు కనపడట్లేదని చెప్పడానికైనా ఒక మనిషి మిగలాలి కదా. నేను ఎటు ఓటేశానన్నది చివరికి ఈ మాట మీదే తేలింది.

మొదట నిలిచిన అల. ఇది గుంటూరు ఆవిడ ఆలోచన, మా బొమ్మలు వేసేదీ ఆవిడే. ఊరి మీద విరుచుకుపడబోతున్న ఆఖరి అలను ఒక ముసలి మాంత్రికుడు చెయ్యెత్తి ఆపేస్తాడు. తాటిచెట్టెత్తున, నురగతో సహా, అది పన్నెండేళ్ళుగా అలాగే నిలబడి ఉంటుంది. దగ్గరికెళ్ళి చూస్తే లోపల ఉయ్యాల చెక్క, ఎద్దు మెడలోని మువ్వల పట్టెడ, గడియ తీయని తలుపు తేలుతుంటాయి. పున్నమి నాడు వెన్నెల దాని గుండా ఊరి మీద పడుతుంది. ఆవిడ చెబుతుంటేనే ఒళ్ళు జలదరించింది. చదివినవాళ్ళు మర్చిపోలేనిది ఈ మూడింట్లో ఇదే, ఆ మాట ఒప్పుకోవాల్సిందే. మాంత్రికుడు కన్నుమూస్తే అల ఏమవుతుందన్న టెన్షన్ ఒక్కటి చాలు, కథ దానంతటదే నడుస్తుంది.

కానీ అందులో కనపడేది అంతా అలే. పోయినవాళ్ళు చెక్కముక్కలుగా, మువ్వలుగా మిగిలారు. చంపినదానికే గుడి కట్టినట్టుంది. పైగా బతికినవాళ్ళు రోజూ దాని నీడలోనే పొయ్యి వెలిగించుకోవాలి. 2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి, పాయకాపురంలో మా పిన్ని వాళ్ళింట్లోకి నీళ్ళొచ్చాయి. వరద తీశాక చూస్తే గోడ మీది క్యాలెండరు కింది సగం బురదరంగు తేలి, ఉబ్బి, అలలు అలలుగా ముడుచుకుపోయింది. పై సగంలో దుర్గమ్మ మాత్రం నిన్ననే అచ్చువేసినట్టుంది. ‘గుర్తుగా ఉంచుదాం పిన్నీ’ అన్నాను. ‘రోజూ లేచి దాని మొహం చూడాలేంట్రా, తీసి అవతల పారెయ్’ అంది. దీపావళి లోపే గోడలకి రంగు వేయించింది. ఆ మాట విన్నాక అలకి ఓటెయ్యడానికి నాకు చెయ్యి రాలేదు.

రెండోది నీటి గీత. మాలో సివిల్ ఇంజనీరింగ్ చదివినవాడి ప్రతిపాదన, వాడి చదువు అందులో తెలిసిపోతుంది. ఆ రాత్రి నీళ్ళు ఎంత ఎత్తుకొచ్చాయో, దీవిలో ప్రతి గోడ మీదా అక్కడ సన్నటి నీలిగీత. ఎన్నిసార్లు సున్నం కొట్టినా మర్నాటికి పైకి తేలుతుంది. మళ్ళీ సముద్రం కదిలే ముందురోజు చెమ్మగిల్లుతుంది. పనికొచ్చే స్మారకం కావాలంటే దీన్ని మించింది లేదు. మాయ లేకుండానే ఇలాంటివి ఉన్నాయి. జపాన్‌లో అనెయోషి అనే పల్లెలో, 1933 సునామీ తర్వాత, ఇక్కడికి దిగువన ఇళ్ళు కట్టొద్దని చెక్కి ఒక రాయి పాతారు. 2011 సునామీ ఆ రాయిని చేరకుండా కిందే ఆగిపోయింది. ఇళ్ళు ఎగువన ఉన్నాయి కాబట్టి నిలిచాయి. మా పిన్నీ అంతే. గోడలకి రంగు వేయించి మరక చెరిపేసింది గానీ, స్విచ్‌బోర్డులు మాత్రం మరక ఉన్నచోటికి పైన బిగించమని ఎలక్ట్రీషియన్‌కి దగ్గరుండి చెప్పింది.

అయితే గీతకి నీళ్ళ ఎత్తు తెలుసు, మనుషులు తెలియదు. ఉలీ సుత్తీ ఉంటే అయ్యే పనికి మాంత్రికుణ్ణి పిలవడం దేనికన్నది ఇంకో ప్రశ్న. ముందురోజే హెచ్చరించే గోడలుంటే రెండో ఉప్పెనకి దీవి మొత్తం హాయిగా కొండెక్కి కూర్చుంటుంది, మా ఆఖరి అధ్యాయాలు గంగలో కలుస్తాయి. పోయినవాళ్ళందరికీ తలా ఒక ఆకున్న చెట్టు అని మధ్యలో నాలుగో సూచన కూడా వచ్చింది. ఆకులు రాలే కాలం వస్తే ఏం చేస్తావని అడిగితే జవాబు లేదు, వదిలేశాం.

ఇక పిలుపు రాయి. మనిషెత్తు నల్లరాయి, మీద ఒక్క అక్షరం ఉండదు. ఉప్పెన వచ్చిన తిథి నాడు పొద్దుగూకగానే పేర్లు పిలవడం మొదలుపెడుతుంది. ఏ వీధివాళ్ళని ఆ వీధి వరసలో, ఇరుగుపొరుగులని ఇరుగుపొరుగులుగానే. న్యూయార్క్‌లోని 9/11 స్మారకం మీద 2,983 పేర్లను అక్షరక్రమంలో పేర్చలేదు, అయినవాళ్ళూ కలిసి పనిచేసినవాళ్ళూ పక్కపక్కన వచ్చేలా కూర్చారు. వరస ఆలోచన నాకు అక్కడి నుంచే వచ్చింది. కానీ అక్కడ చేతిలో జాబితా ఉంది. నాగార్జునకొండలో దొరికిన ఇక్ష్వాకుల నాటి ఛాయాస్తంభాల్లో, అంటే పోయినవాళ్ళ జ్ఞాపకంగా నిలబెట్టిన రాతి స్తంభాల్లో, రాజుతో పాటు సైనికులకీ, పనివాళ్ళ పెద్దకీ కూడా స్తంభాలున్నాయి. అవీ వాళ్ళని ఎరిగినవాళ్ళు నిలబెట్టినవే. పేరు చెక్కాలంటే ముందు ఎవరో ఒకరు వచ్చి ఆ పేరు చెప్పాలి. చెప్పేవాళ్ళు మిగలని పేరుని ఏ శిల్పీ చెక్కలేడు. మాయని ఖర్చుపెట్టాల్సిన చోటు అదే.

కాబట్టి ఈ రాయికి అందరూ తెలుసు. ఉప్పు మళ్ళల్లో కూలికి వచ్చిన పైదేశం వాళ్ళని వాళ్ళ యాసలోనే పిలుస్తుంది. బారసాల కాని పసివాళ్ళని ఇంట్లో ఏమని పిలిచేవాళ్ళో అలాగే పిలుస్తుంది. ఒక వీధి వరసలో వెంట వెంటనే ‘బుజ్జి, చిట్టి, బుజ్జి’ అని వస్తుంది.

ఊరికే పలికే రాయి అయితే చప్పగా ఉంటుంది, అందుకని ఒక షరతు పెట్టాం. పిలిచిన పేరుని అక్కడున్నవాళ్ళలో ఎవరో ఒకరు తిరిగి అనాలి. అనకపోతే మరుసటి ఏడు ఆ పేరు రాదు, ఇంకెప్పటికీ రాదు. మరి ఎవరూ మిగలనివాళ్ళ మాటేమిటి? మహాలయ పక్షంలో కృష్ణ ఒడ్డున తర్పణాలు వదిలేటప్పుడు, తల్లీ తండ్రీ బంధువూ అంటూ ఎవరూ లేనివాళ్ళ కోసం కూడా ఒక మంత్రం చెప్పి నీళ్ళు వదులుతారు. వెండిమడలో ఆ పని పిల్లలది. వీధికి ఇద్దరు చొప్పున వంతులు వేసుకుని, నిద్ర ఆపుకుంటూ కూర్చుంటారు.

నీటి గీతవాడు మా వైపు తిరిగింది ఇక్కడే. ఫోన్ తీసి లెక్క కట్టాడు. రాయి పిలవడానికీ, జనం తిరిగి అనడానికీ కలిపి పేరుకి 3 సెకన్లు వేసుకుంటే 14,400 పేర్లకి సరిగ్గా 12 గంటలు, అంటే నాలుగు జాములు, తెల్లవార్లూ. దీవి రాజు దండోరా వేయించిన సంఖ్య 9,000. ఆ లెక్క నిజమైతే రాయి ఏడున్నర గంటలకే, రెండున్నర జాములకే ఆగిపోవాలి. ఆగదు. రాజు అబద్ధమాడాడని చెప్పడానికి ఎవరూ నోరు విప్పక్కర్లేదు, ఇళ్ళకి పోకుండా కూర్చుంటే చాలు. రాజుకీ ఆ సంగతి తెలుసు. రాయిని పగలగొట్టే ధైర్యం లేదు గానీ, రెండున్నర జాములు కాగానే భటులని పంపి జనాన్ని తోలేస్తే మిగతా 5,400 పేర్లూ ఆ ఏటితో పోతాయి. మాకు కథ దొరికింది. నిలిచిన అలలోనూ, నీటి గీతలోనూ ఈ రాజుకి పనే లేదు.

రాయికీ లోపాలున్నాయి. రాబోయే ఉప్పెన గురించి ఒక్క ముక్క చెప్పదు. ఏడాదిలో మిగతా రోజులు వట్టి బండ, దాని మీద మేకలు పడుకుంటాయి. వేల పేర్లు పేజీలకెక్కించలేం కాబట్టి, ఏ వీధి వినిపించాలో ఎంచుకోవడం మా నెత్తిన పడింది. ఇంకా తేల్చుకోలేదు. ఓట్లు మాత్రం మూడు రాయికి, ఒకటి అలకి వచ్చాయి. ముఖచిత్రానికి మటుకు అలనే వేస్తానని గుంటూరు ఆవిడ పట్టుబట్టింది. నల్లబండ బొమ్మ వేస్తే పుస్తకం ఎవడు ముట్టుకుంటాడని ఆవిడ వాదన. వేసుకోనిద్దాం అనుకున్నాం.