ఆమ్‌స్టర్‌డామ్ కాలవల నడక టూర్: నాన్న అడిగిన ప్రశ్నలతోనే డబ్బులు గిట్టుబాటయ్యాయి

మే నెలలో అమ్మానాన్న బందరు నుంచి మా దగ్గరికి వచ్చారు. మేం ఉండేది ఆమ్‌స్టర్‌డామ్ పక్కనే ఉన్న ఆమ్‌స్టెల్‌వేన్‌లో. ఇండియా నుంచి ఎవరొచ్చినా ఆ అద్దాల పడవ ఎక్కించి గంటసేపు తిప్పి ఇంటికి తీసుకొచ్చెయ్యడం మాకు అలవాటు, ఇప్పటికి ఏడెనిమిది సార్లు అలా తిప్పి ఉంటాను. ఈసారి మాత్రం నడక టూర్ బుక్ చేశాను. ఎందుకంటే నాన్న ఇరిగేషన్‌లో ముప్పై ఏళ్ళు పనిచేసి రిటైరైన మనిషి, కాలవంటే గట్టు మీద నడిచి చూడాలంటారు గానీ పడవలో కూర్చుని ఫొటోలు తీసుకోవడం ఆయనకు పట్టదు. తలకు 25 యూరోలు. రెండు గంటలని రాశారు, రెండున్నర పట్టింది. ముందే చెప్పేస్తున్నా, వెళ్ళండి, బాగుంది. కాకపోతే మోకాళ్ళ నొప్పులున్న పెద్దవాళ్ళను తీసుకెళ్ళేవాళ్ళు కొన్ని విషయాలు తెలుసుకుని వెళ్ళాలి, అవి కూడా రాస్తాను.

టూర్ డామ్ స్క్వేర్‌లో మొదలవుతుంది. మా గుంపులో పద్నాలుగు మందిమి. ఊళ్ళో 15 మందికి మించి గుంపును నడిపించకూడదని 2020 నుంచి రూల్ ఉంది కాబట్టి ఏ కంపెనీతో వెళ్ళినా ఇంతే ఉంటారు, అది మనకే మంచిది. గైడ్ అరవై దాటిన ఆవిడ, రిటైరైన స్కూల్ టీచర్. ఇంగ్లీషు స్పష్టంగా మాట్లాడతారు కానీ వేగం ఎక్కువ, నేను అమ్మానాన్నలకు తెలుగులో చెప్పేలోపు ఇంకో నాలుగు వాక్యాలు దాటేసేవారు. మొదటి అరగంట నాకు ఇదే టెన్షన్. తర్వాత విషయం చెప్తే అర్థం చేసుకుని, ప్రతి చోటా ఆగి నా వైపు చూసి, నేను తలూపాకే ముందుకు కదిలారు.

మొదట రాజభవనం ముందు నిలబెట్టి, దీని కింద ఎన్ని కర్ర దుంగలు దిగ్గొట్టారో చెప్పండి అని అడిగారు. ఎవరికీ తెలియదు. 13,659 అట. ఇక్కడి పిల్లలకు బడిలో గుర్తుపెట్టుకునే చిట్కా కూడా నేర్పుతారట: ఏడాదికి 365 రోజులు, ముందు ఒకటి, వెనక తొమ్మిది. పదిహేడో శతాబ్దంలో టౌన్ హాలుగా కట్టిన ఆ రాతి భవనం బరువంతా నిలబడింది ఆ దుంగల మీదే. ఊరంతా ఇదే పద్ధతి. పైనంతా మెత్తటి బురద నేల, సుమారు 12 మీటర్ల లోతులో గట్టి ఇసుక పొర తగిలేదాకా దుంగలు దించి, వాటి మీద ఇళ్ళు కట్టారు.

నాన్న వెంటనే అడిగారు, "నీళ్ళలో నానితే కర్ర పుచ్చిపోదా?" అని. నేను ఇంగ్లీషులో అడిగితే ఆవిడ ముఖం వెలిగిపోయింది. పుచ్చిపోదు, పూర్తిగా నీళ్ళలో మునిగున్నంత కాలం గాలి తగలదు కాబట్టి వందల ఏళ్ళు ఉంటుంది, నీళ్ళు కిందకి దిగి దుంగ తల బయటపడితేనే ప్రమాదం అన్నారు. అందుకే కాలవల్లో నీటిమట్టాన్ని ఎప్పుడూ ఒకే చోట ఉంచుతారు, ఇక్కడ కొలతకు సున్నాగా పెట్టుకున్న ఆమ్‌స్టర్‌డామ్ మట్టానికి 40 సెంటీమీటర్లు కింద. నాన్న కాసేపు ఆలోచించి, "అయితే ఇవి పారే కాలవలు కాదు, నిలబెట్టిన నీళ్ళు. మనం పొలానికి పారడానికి వాలు చూసి తవ్వుతాం, వీళ్ళు ఇల్లు కూలకుండా మట్టం చూసి కాపలా కాస్తున్నారు" అన్నారు. ఏడేళ్ళుగా ఇక్కడే ఉంటున్నాను, ఆ ముక్క నాకు ఎప్పుడూ తట్టలేదు.

ఆ తర్వాత నుంచి నాన్న ఇళ్ళ కంటే గట్లే ఎక్కువ చూశారు. కొన్ని చోట్ల కాలవ అంచున ఇనుప షీట్లు వరసగా దిగ్గొట్టి ఉంటాయి, మనం రోజూ చూస్తూ పోతాం కానీ ఎందుకో అడగం. గట్టు గోడలు కూడా ఆ పాత దుంగల మీదే ఉన్నాయి, అప్పట్లో గుర్రపు బళ్ళ కోసం కట్టినవి, ఇప్పుడు వాటి మీద లారీలు తిరుగుతున్నాయి. 2020 సెప్టెంబరు 1న గ్రిమ్‌బుర్గ్‌వాల్ దగ్గర ఒక గట్టు గోడ కాలవలోకి కూలిపోయింది. ఆ షీట్లు కూలే గోడలను ఆపడానికి పెట్టిన ఆసరా. గైడ్ ఇదేమీ దాచకుండా చెప్పడం నాకు నచ్చింది, చాలా టూర్లలో అంతా అందంగా ఉందని చెప్పి వదిలేస్తారు.

సింగెల్ పాత ఊరి చుట్టూ ఉన్న కందకం. 1613లో ఊరు పెంచడం మొదలుపెట్టి దాని అవతల మూడు పెద్ద కాలవలు తవ్వారు. ఊరి పెద్దల పేరున హీరెన్‌గ్రాఖ్ట్, చక్రవర్తి పేరున కైజర్స్‌గ్రాఖ్ట్, యువరాజు పేరున ప్రిన్సెన్‌గ్రాఖ్ట్. 2010 నుంచి యునెస్కో జాబితాలో ఉంది ఈ వలయం. ఈ పేర్లు, తేదీలు ఎక్కడైనా దొరుకుతాయి, వాటి కోసం టూర్ అక్కర్లేదు. తల పైకెత్తి ఏం చూడాలో నేర్పినందుకే డబ్బులివ్వాలి.

ఉదాహరణకి దాదాపు ప్రతి పాత ఇంటి నెత్తిన ఒక దూలం బయటికి పొడుచుకొచ్చి, దానికి కొక్కెం ఉంటుంది. చాలా ఇళ్ళు ముందుకు వాలి ఉంటాయి, నేను ఇన్నాళ్ళూ పునాది కుంగి వాలాయనుకున్నాను. కొన్ని నిజంగానే కుంగినవి, కానీ చాలా వాటిని కావాలనే అలా కట్టారు, తాడుతో సామాను పైకి లాగేటప్పుడు గోడకూ కిటికీలకూ తగలకుండా. లోపల మెట్లు ఇరుకు, మంచం కూడా పట్టదు. మా అదృష్టం, కైజర్స్‌గ్రాఖ్ట్ మీద ఒక ఇంట్లో ఎవరో దిగుతున్నారు. ఇద్దరు కుర్రాళ్ళు కింద నిలబడి తాడు లాగుతుంటే పచ్చ రంగు సోఫా ఒకటి గిరగిరా తిరుగుతూ పైకి వెళ్తోంది, మూడో అంతస్తు కిటికీలోంచి ఒకావిడ సగం బయటికి వంగి దాని కాలు పట్టుకోవడానికి చెయ్యి చాపింది. రెండుసార్లు తప్పిపోయింది. మూడోసారి దొరికింది. రోడ్డు మీద మేమందరం చప్పట్లు కొట్టాం, అమ్మ అందరికంటే గట్టిగా.

ప్రిన్సెన్‌గ్రాఖ్ట్ 263, ఆన్ ఫ్రాంక్ దాక్కున్న ఇల్లు. టూర్‌లో లోపలికి తీసుకెళ్ళరు, బయటే నిలబెట్టి చెప్తారు. 1942 జూలై నుంచి 1944 ఆగస్టు దాకా, రెండేళ్ళ పైచిలుకు, వెనక ఇంట్లో ఎనిమిది మంది. ఈ ఇళ్ళకు ముందొక ఇల్లు, వెనకొక ఇల్లు ఉండే పద్ధతి అర్థమయ్యాకే అంతమంది బయటికి కనబడకుండా ఎలా ఉండగలిగారో తెలిసింది. లోపల చూడాలంటే మ్యూజియం సైట్‌లోనే కొనాలి, ప్రతి మంగళవారం ఆరు వారాల ముందు టికెట్లు వదులుతారు, వెంటనే అయిపోతాయి.

ఇప్పుడు నాకు నచ్చనిది. హీరెన్‌గ్రాఖ్ట్ మీద పెద్ద పెద్ద ఇళ్ళున్న ఆ వంపులో నిలబెట్టి, ఈ డబ్బంతా ఎక్కడ నుంచి వచ్చిందో చెప్పారు. 1602లో పెట్టిన డచ్ ఈస్ట్ ఇండియా కంపెనీ, మిరియాలు, జాజికాయ, లవంగాలు, దాల్చినచెక్క. 502 నంబరు ఇల్లు బానిసల వ్యాపారం చేసిన మనిషి కట్టించుకున్నదని, ఇప్పుడు అందులో మేయర్ ఉంటారని, 2021 జూలై 1న మేయర్ ఊరి తరఫున క్షమాపణ చెప్పారని కూడా చెప్పారు, అది మెచ్చుకోవాల్సిందే. కానీ మన తీరం గురించి ఒక్క ముక్క లేదు. జాజికాయలు పండే ఇండోనేషియా దీవుల్లో వాటిని కొనాలంటే డబ్బు అంతగా చెల్లేది కాదు, గుడ్డలు కావాలి. ఆ గుడ్డల కోసమే కంపెనీ పెట్టిన మూడేళ్ళకల్లా, 1605లో మచిలీపట్నంలో దిగారు. మా ఊళ్ళో డచ్చివాళ్ళ సమాధులు ఇప్పటికీ ఉన్నాయి, చిన్నప్పుడు వాటి మీద చెక్కిన బొమ్మలు తడిమి చూసేవాళ్ళం. అవతల భీమిలిలోనూ ఉన్నాయి. ఇంత కథ ఉంటే ఒక్క మాటైనా ఉండాలి కదా.

ఆ రోజు అమ్మ కట్టుకున్నది పెడన కలంకారీ చీర. నేను గైడ్‌కి ఆ చీర చూపించి, ఇది మీ కంపెనీ వాళ్ళు వచ్చి దిగిన ఊరి పక్క గుడ్డ అని చెప్పాను. ఆవిడ దగ్గరకు వచ్చి కొంగు అంచు రెండు వేళ్ళతో పట్టుకుని, తిరగేసి వెనక వైపు రంగు చూసి, "సిట్స్" అన్నారు. డచ్చిలో ఇలాంటి అచ్చు గుడ్డకు అదే పేరట, ఉత్తరాన హిండెలోపెన్ అనే ఊళ్ళో ఆడవాళ్ళ సంప్రదాయ దుస్తులు ఇప్పటికీ దానితోనే కుడతారట. అమ్మకు ఆ మాట చెప్పగానే, "మా అమ్మ చీటి గుడ్డ అనేదిరా, అదే మాటేమో" అంది. గైడ్ చిన్న పుస్తకం తీసి 'మచిలీపట్నం' అని నా చేత పలికించుకుంటూ రాసుకున్నారు. మన తెలుగువాళ్ళు ఎవరైనా ఈ టూర్‌కి వెళ్తే అక్కడ తప్పకుండా అడగండి. పదిమంది అడిగితే ఆ కథ టూర్‌లోకి వస్తుంది.

ఇంకో ఫిర్యాదు బాత్‌రూమ్. రెండున్నర గంటల్లో ఒక్క ఆపు లేదు. మగవాళ్ళకైతే కాలవ గట్ల మీద అక్కడక్కడ పచ్చ రంగు ఇనుప గూళ్ళు ఉన్నాయి, ఆడవాళ్ళకు అలాంటివి లేవు. అమ్మ షుగర్ మనిషి. మధ్యలో నేనే ఒక కేఫ్‌లోకి తీసుకెళ్ళి కాఫీ కొని పని కానిచ్చాం, గుంపు మా కోసం ఆగింది. పెద్దవాళ్ళకు అనుకూలం అని సైట్‌లో రాసుకున్నారు. అలా రాసుకున్నప్పుడు గంటకోసారి కూర్చోబెట్టడం, బాత్‌రూమ్ ఎక్కడుందో చెప్పడం వాళ్ళ బాధ్యతే. రాళ్ళు పరిచిన రోడ్లు కాబట్టి అడుగు మెత్తగా ఉండే బూట్లు తప్పనిసరి, చెప్పులతో వెళ్ళొద్దు. ఎర్రగా ఉన్న దారి సైకిళ్ళది, ఫొటో కోసం దాని మీదకు అడుగు వెయ్యొద్దు.

ఆమ్‌స్టెల్ నది ఒడ్డుకు వచ్చేసరికి నాన్న నా చెయ్యి పట్టుకుని ఆపారు. "లాకులు!" అన్నారు. సన్న వంతెన మీద నుంచి చూస్తే నది మధ్యలో చెక్క తలుపుల లాకులు కనబడతాయి, 1670ల నాటివి. ఈ తలుపులు మూసి, కాలవల్లోకి మంచి నీళ్ళు ఎక్కించి, పాత నీళ్ళు బయటికి తోసేసే పద్ధతి అప్పటి నుంచీ ఉంది. బందరు కాలవ మీద పడవలు నడిచిన రోజుల్లో లాకుల దగ్గర లష్కర్లు తలుపులు ఎలా తిప్పేవాళ్ళో నాన్న చేతులతో చేసి చూపిస్తుంటే, నేను మధ్యలో అనువదిస్తుంటే, గుంపులో మిగతావాళ్ళు కూడా చుట్టూ చేరారు.

చివరి ఆపు వాటర్‌లూప్లైన్ దగ్గర ఇప్పటి టౌన్ హాలు. అక్కడ గాజు గొట్టాల్లో నీళ్ళు నింపి పెట్టారు. రెండు గొట్టాల్లో ఆ సమయానికి సముద్రం ఎంత ఎత్తున ఉందో కనిపిస్తుంది. మూడోది చాలా పొడవు, మన తల దాటి పైకి పోతుంది, నాలుగున్నర మీటర్ల పైచిలుకు. 1953 ఫిబ్రవరి 1న ఈ దేశపు నైరుతి తీరంలోని జీలాండ్‌లో సముద్రం కట్టలు తెంచుకున్నప్పుడు నీళ్ళు అంత ఎత్తు లేచాయి. 1,836 మంది పోయారు.

నాన్న ఆ గొట్టం పక్కన నిలబడి పైకి చూస్తూ ఉండిపోయారు. 1977 నవంబరు 19 ఉప్పెన రోజున ఆయనకు పందొమ్మిదేళ్ళు. ఆయన మేనత్త వాళ్ళది దివిసీమ. మా ఇంట్లో ఆ సంగతి ఎప్పుడూ ఎక్కువ మాట్లాడరు. "తాటిచెట్టు మట్టల్లో గడ్డి ఇరుక్కుని ఉంది. నీళ్ళు అంత ఎత్తొచ్చాయని దాన్ని బట్టే తెలిసింది" అన్నారు, నాతో కాదు, ఆ గొట్టంతో చెప్పినట్టు. నేను గైడ్‌కి నెమ్మదిగా చెప్పాను, మా జిల్లాలోనూ ఇలా వచ్చింది, పదివేల మంది పైనే పోయారు అని. ఆవిడ ఏమీ అనలేదు. అప్పటికి టైమ్ అరగంట దాటింది, మిగతావాళ్ళు టిప్ ఇచ్చి వెళ్ళిపోతున్నారు, ఆవిడ మాత్రం నాన్న తనంతట తాను కదిలేదాకా పక్కనే నిలబడ్డారు.

నేను నాలుగు స్టార్లు ఇచ్చాను, ఆ ఒక్కటి బాత్‌రూమ్ కోసం, మచిలీపట్నం కోసం కోసేశాను. ఆ రెండూ వివరంగా మెయిల్ కూడా పెట్టాను. బుక్ చేసేటప్పుడే పెద్దవాళ్ళు వస్తున్నారని, అనువాదం చేసుకోవాలని రాసెయ్యండి, ఉదయం పది గంటల బ్యాచ్ తీసుకోండి, మధ్యాహ్నం అయితే గట్ల మీద నడవడానికి చోటు ఉండదు. శనివారం అయితే టూర్ అయ్యాక నూర్డర్‌మార్క్ట్ సంతకు కూడా వెళ్ళొచ్చు, సాయంత్రం దాకా ఉండదు కాబట్టి ఆలస్యం చెయ్యకండి.