ఎర్రమట్టి తజీన్: గొర్రెమాంసం, ఆలూబుఖారా వంటకు ఎంతవరకు పనికొస్తుంది?

మొరాకో వంటల మీద ఆసక్తి కలిగినవారు ముందుగా కొనాలనుకునేది తజీన్ పాత్రనే. లోతు తక్కువగా ఉండే వెడల్పాటి మట్టి పళ్లెం, దాని మీద గోపురంలా పైకి సన్నబడే మూత ఎంతో అందంగా ఉంటాయి కనుక, దుకాణాల్లో రంగులు, చిత్రాలు వేసినవే ముందు వరుసలో కనిపిస్తాయి. వాటిలో చాలావరకు వడ్డించడానికి చేసినవే తప్ప వండడానికి చేసినవి కావు. కొన్ని పూతల్లో సీసం కూడా ఉండవచ్చు. అందువల్ల సీసం లేదని, వంటకు పనికొస్తుందని స్పష్టంగా రాసిలేని రంగుల పాత్రను పొయ్యి మీద పెట్టకూడదు. నేను సమీక్షిస్తున్నది ఇంగ్లండ్‌లోని ఒక అరబ్బు సరుకుల దుకాణంలో దొరికిన, మొరాకోలో తయారైన, లోపలా బయటా ఏ పూతా లేని ఎర్రమట్టి తజీన్. అడుగు వ్యాసం 27 సెంటీమీటర్లు, నలుగురికి సరిపోతుంది. చలికాలంలో ఎముకతో ఉన్న మాంసాన్ని ఎండుపండ్లతో కలిపి నిదానంగా వండుకోవాలనుకునేవారు నిస్సంకోచంగా కొనదగిన పాత్ర ఇది.

అయితే కొన్న రోజునే వండడానికి వీలుపడదు. పళ్లెం, మూత రెండింటినీ ఒక రాత్రంతా నీళ్లలో నానబెట్టి, తుడిచి ఆరనిచ్చి, ఆలివ్ నూనె పట్టించి, చల్లగా ఉన్న ఓవెన్‌లో పెట్టి 150 డిగ్రీల వేడి మీద రెండు గంటలు ఉంచి, ఓవెన్‌లోనే చల్లారనివ్వాలి. దుకాణంవారు ఇచ్చిన కాగితంలో ఈ విషయం ఒక్క ముక్క కూడా లేదు. వేడిగా ఉన్న మట్టికి చన్నీళ్లు తగిలితే పగులుతుందన్న హెచ్చరికైనా అందులో ఉండవలసింది. మన మట్టి దాకల్లో చేపల పులుసు వండినవారికి ఈ జాగ్రత్తలు కొత్త కావు.

ఈ పాత్ర గుణాన్ని తేల్చి చెప్పగలిగే వంట గొర్రెమాంసం, ఆలూబుఖారా తజీన్ (పాత్ర పేరే అందులో వండే కూరకు కూడా పేరు). మొరాకోలో పెళ్లిళ్లకు, పండుగలకు వండే ఈ వంటకాన్ని అక్కడివారు ల్హమ్ బెల్ బర్కూక్ అంటారు. ఎముకతో ఉన్న భుజం మాంసం ఒక కిలో తీసుకుని, పెద్ద ముక్కలుగా కోయించి, తురిమిన రెండు ఉల్లిపాయలు, ఒక చెంచా శొంఠి పొడి, అర చెంచా మిరియాల పొడి, అర చెంచా పసుపు, ఒక దాల్చినచెక్క, చిటికెడు కుంకుమపువ్వు, ఉప్పు, మూడు పెద్ద చెంచాల ఆలివ్ నూనె పట్టించి, చల్లని పాత్రలోనే సర్ది సన్నని సెగ మీద పెట్టాలి. మాంసాన్ని ముందుగా ఎర్రగా వేయించాల్సిన పని లేదు. పూత లేని మట్టి ఆ పెద్ద మంటకు తట్టుకోదు కూడా. ఉల్లిపాయ నీరు వదిలాక ఒక కప్పు వేడినీళ్లు పోసి మూత పెడితే, రెండున్నర నుంచి మూడు గంటల్లో మాంసం ఎముక నుంచి విడివడుతుంది, ఉల్లిపాయ పూర్తిగా కరిగి గుజ్జవుతుంది. అల్లానికి బదులు శొంఠి వేయడం ఇక్కడ చాలా ముఖ్యం. పచ్చి అల్లం ఘాటు వేరు. శొంఠి కారం గొంతులో నిదానంగా దిగి, చలికి ఎంతో హాయిగా ఉంటుంది.

పండ్లను మాంసంతోపాటు మొదటి నుంచీ ఉడికించకూడదు. గింజ తీసిన ఎండు ఆలూబుఖారాలు 200 గ్రాములు విడిగా చిన్న గిన్నెలో వేసి, ఉడుకుతున్న కూరలోంచి రెండు గరిటెల రసం, రెండు చెంచాల తేనె, ఒక చెంచా దాల్చినచెక్క పొడి కలిపి, పావుగంట సేపు చిక్కబడేవరకు ఉంచి, చివర్లో మాంసం మీద అమర్చాలి. అలా చేస్తేనే రసం మాంసపు రుచితో, పండు పండు రుచితో నిలుస్తాయి. పైన వేయించిన బాదంపప్పు, నువ్వులు చల్లుతారు. గోంగూర, చింతచిగురు వేసి మాంసం వండే మనకు పులుపు కొవ్వును ఎలా విరుస్తుందో తెలుసు. ఇక్కడ ఆ పనిని పండులోని తీపి కలిసిన సన్నని పులుపు చేస్తుంది. తీపి ఎక్కువనిపించేవారు తేనె తగ్గించి మిరియాలు పెంచుకోవచ్చు గానీ ఎర్ర కారం మాత్రం వేయవద్దని నా గట్టి సలహా, ఎందుకంటే ఆ కారం ముందు కుంకుమపువ్వు వాసన నిలవదు.

ఆలూబుఖారాకు బదులు ఎండు ఆప్రికాట్లు కూడా బాగుంటాయి. మాంసంలో ఆ పండు వేయడం చాలా పాత అలవాటు. 1226లో బాగ్దాద్‌లో కూర్చిన వంటల గ్రంథంలోనే ఎండు ఆప్రికాట్లతో గొర్రెమాంసం వండే పద్ధతి ఉంది. ఖుబానీ కా మీఠా కోసం హైదరాబాదులో అమ్మే గింజ ఉన్న గట్టి ఖుబానీలైతే రాత్రే నానబెట్టి, గింజ తీసి వాడుకోవాలి.

శంకువు ఆకారపు మూత ఆవిరిని నీరుగా మార్చి తిరిగి మాంసం మీదికి జార్చుతుందని, అందువల్లే ఆ రుచి వస్తుందని అమ్మేవారు చెబుతారు. అది కొంతవరకే నిజం. బరువైన మూత బిగువుగా కూర్చునే ఇనుప పాత్రలో కూడా ఆవిరి అలాగే తిరిగి పడుతుంది, అందులో ఈ కూర రుచిగానే కుదురుతుంది. తజీన్ అసలు బలం వేరే ఉందని నేను అనుకుంటున్నాను. మట్టి వేడిని మెల్లగా పీల్చుకుని మెల్లగా వదులుతుంది, పెద్ద మంటను సహించదు, లోతు తక్కువ కనుక నీళ్లు ఎక్కువ పోయనివ్వదు. వండేవారు తొందరపడే వీలు లేకుండా చేయడం వల్లనే రసం పలచబడకుండా, ముక్కకు పట్టి ఉంటుంది. పొయ్యి మీద నుంచి దించి నేరుగా బల్ల మీద పెట్టినా, అందరూ తినడం ముగించేవరకు కూర వేడి తగ్గదు. దానికి తోడుగా అన్నం కంటే, రసాన్ని పీల్చుకునే మందపాటి రొట్టె తగినది. మొరాకోలో కూడా రొట్టెతోనే తింటారు.

మొరాకోలో ఈ పాత్రను మజ్మర్ అనే మట్టి కుంపటిలో, బొగ్గుల మీద పెడతారు. గ్యాస్ పొయ్యి మీద, కరెంటు పొయ్యి మీద వాడేవారు సెగ సమంగా పరుచుకోవడానికి పాత్ర అడుగున లోహపు పలక ఒకటి తప్పనిసరిగా పెట్టుకోవాలి. ఆ పలకకు అయ్యే ఖర్చును కూడా పాత్ర ధరలో కలిపి లెక్కవేసుకోవాలి. ఇండక్షన్ పొయ్యి మాత్రమే ఉన్నవారు దీనిని ఓవెన్‌లో తప్ప వాడలేరు, ఓవెన్ చిన్నదైతే ఎత్తైన మూత అందులో పట్టకపోవచ్చు కనుక కొనేముందు కొలుచుకోవాలి. పూత లేని మట్టి వాసనలు పీల్చుకుంటుంది కాబట్టి సబ్బు వాడకుండా వేడినీళ్లతో, కాస్త వంటసోడాతో కడిగి, పూర్తిగా ఆరాక, మూత కొద్దిగా తెరిచి ఉంచి భద్రపరచాలి. అదే కారణంగా ఇందులో చేపలు వండదలచినవారు వాటికోసం వేరొక తజీన్ పెట్టుకోవడం మేలు.