రాజ్యాంగ రచన తెలియాలంటే ఏది మేలు: ‘సంవిధాన్’ సీరియలా, చర్చల సంపుటాలా?

లా విద్యార్థులూ, పోటీ పరీక్షలకు చదివేవాళ్లూ మళ్లీ మళ్లీ అడిగే ప్రశ్న ఇది: సీరియల్ చూస్తే సరిపోతుందా, రాజ్యాంగ సభ చర్చలు కూడా చదవాలా?

శ్యామ్ బెనెగళ్ తీసిన ‘సంవిధాన్’ 2014లో రాజ్యసభ టీవీలో 10 భాగాలుగా వచ్చింది. అంబేడ్కర్‌గా సచిన్ ఖేడేకర్ నటించారు. ఎవరు ఎవరితో ఎందుకు తలపడ్డారో అందులో కళ్లకు కడుతుంది. అది చూడకుండా 12 సంపుటాల్లోకి దిగితే ఎవరు ఎటువైపో తెలియక మధ్యలోనే వదిలేస్తారు.

అయినా నా ఓటు సంపుటాలకే. కారణం సవరణలు. సభలో ప్రతిపాదించినవే 2,473. నెగ్గిన మాట రాజ్యాంగంలో కనిపిస్తుంది, వీగిపోయిన మాట ఎందుకు వీగిపోయిందో చర్చల్లోనే దొరుకుతుంది. ప్రాణానికీ వ్యక్తిగత స్వేచ్ఛకూ రక్షణనిచ్చే ఆర్టికల్ 21నే చూడండి. ‘చట్టం నిర్దేశించిన పద్ధతి’ వద్దు, ‘డ్యూ ప్రాసెస్’ (చట్టం న్యాయంగా ఉందో లేదో కూడా కోర్టు పరిశీలించే వీలు) పెట్టండని సభ్యులు గట్టిగా పట్టుబట్టారు. 1948 డిసెంబరు 13న అంబేడ్కర్ రెండు వైపుల ప్రమాదాలూ చెప్పారు: శాసనసభకు వదిలేస్తే మెజారిటీ పార్టీ హక్కుల్ని నలిపేయవచ్చు, కోర్టుకు వదిలేస్తే అయిదారుగురు జడ్జీల అభిప్రాయమే చట్టాన్ని నిర్ణయిస్తుంది. తానేమీ తేల్చకుండా సభకే వదిలారు. సవరణలు వీగిపోయాయి. మళ్లీ 1949 సెప్టెంబరు 15న, ఆ లోటుకు పరిహారంగా, అరెస్టయినవారిని 24 గంటల్లో మేజిస్ట్రేటు ముందు హాజరుపరచాలనే నిబంధన తెచ్చారు. అదే నేటి ఆర్టికల్ 22. ఈ తొమ్మిది నెలల నడక తెలియకపోతే ఆ రెండు ఆర్టికళ్లూ పక్కపక్కనే ఎందుకున్నాయో అర్థం కాదు.

చాలామంది బోల్తాపడేది నంబర్ల దగ్గర. చర్చల్లో ఉన్నవి ముసాయిదా నంబర్లు. నేటి 21 అక్కడ 15, నేటి 22 అక్కడ 15-ఎ, నేటి 32 అక్కడ 25. అందుకే 1948 ఫిబ్రవరి ముసాయిదాను పక్కన పెట్టుకుని, తేదీని బట్టి వెతకండి. పేర్లతోనూ ఇదే చిక్కు: దుర్గాబాయి దేశ్‌ముఖ్ అప్పటికి జి. దుర్గాబాయే.

యూట్యూబ్ సారాంశాలు తేదీలు గుర్తుపెట్టుకోవడానికి పనికొస్తాయి, అంతే.

సీరియల్‌లో భాషా వివాదం చూసి, వెంటనే 1949 సెప్టెంబరు 12 నుంచి 14 వరకు జరిగిన చర్చ తెరవండి. తొమ్మిదో సంపుటిలో ఉంటుంది. హిందుస్తానీయే జాతీయ భాష కావాలని దుర్గాబాయి చేసిన ప్రసంగం దగ్గర మొదలుపెడితే మిగతా పేజీలు ఆగకుండా సాగుతాయి.