డీఎస్సీ ఎంపికపై అభ్యంతరం: శాఖకు వినతిపత్రమా, హైకోర్టులో రిట్టా?

టీచర్ పోస్టుల డీఎస్సీ ఎంపికలో రోస్టర్ పాయింటు (రిజర్వేషన్ల ప్రకారం పోస్టులు కేటాయించే వరుస) తప్పిందనో, స్థానికత తప్పుగా లెక్కగట్టారనో అనిపిస్తే అభ్యర్థికి ఉన్న దారులు ఇవే: శాఖకు వినతి, లేదా అధికారుల నిర్ణయాన్ని సవాలు చేస్తూ హైకోర్టులో వేసే రిట్ పిటిషన్.

ఖర్చు
వినతి: కాగితాలు, రిజిస్టర్డ్ పోస్టు.
రిట్: ప్రధానంగా లాయరు ఫీజు.

శ్రమ
వినతి: హాల్‌టికెట్ నంబరు, నోటిఫికేషన్‌లోని నిబంధన, తప్పు జరిగిన చోటు, కోరే సవరణ. ఒక్క పేజీ చాలు. డీఈవో (జిల్లా విద్యాధికారి) కార్యాలయం నుంచి రసీదు మాత్రం వదలొద్దు, రేపు కోర్టులో పనికొచ్చేది అదే.
రిట్: మీరు గెలిస్తే ఉద్యోగం పోయే అభ్యర్థులనూ ప్రతివాదులుగా చేర్చాలి. వాళ్ల మాట వినకుండా తీసేయడం సహజ న్యాయానికి విరుద్ధం. 1984లో ప్రబోధ్ వర్మ కేసులో సుప్రీంకోర్టు ఇదే తేల్చింది. అయినా ఈ పేర్లు చేర్చకుండానే పిటిషన్ వేసేవాళ్లున్నారు!

ప్రమాదం
వినతి: జవాబు కోసం కూర్చుంటే పోస్టింగులు అయిపోతాయి. ఎన్ని రిమైండర్లు పంపినా ఆలస్యం మాఫీ కాదు.
రిట్: నిబంధనలు తెలిసే పరీక్ష రాసి, ఫలితం వచ్చాక వాటినే తప్పుపడితే కోర్టు సాధారణంగా వినదు. 'కీ' (పరీక్ష సంస్థ ఇచ్చే సరైన జవాబుల జాబితా) వివాదం ఇంకా కష్టం. తప్పు స్పష్టంగా కనబడకపోతే సందేహ లాభం పరీక్ష పెట్టిన సంస్థకే దక్కుతుందని 2017 నాటి రణ్ విజయ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు తీర్పు.

ఎవరికి ఏది
మార్కుల కూడికలో తప్పు, పేరులో పొరపాటు: వినతి.
నోటీసివ్వకుండా ఎంపిక రద్దు, కారణం చెప్పని తిరస్కరణ, రోస్టర్ ఉల్లంఘన: రిట్.
కౌన్సెలింగ్ ముంచుకొస్తే వినతి ఇచ్చి, జవాబుకు ఆగకుండా రిట్ వేసి మధ్యంతర ఉత్తర్వు కోరాలి.