యమాటో 1/700 కిట్: కొలతలు సరిగ్గా ఉన్నాయి, మందం మాత్రం నేనే పేర్చి చూసుకున్నాను

పర్లాకిమిడిలో గేట్లు, గ్రిల్స్, రేకుల షెడ్లు చేసే వెల్డింగ్ షాపు నాది. ఇరవై రెండేళ్లుగా ఇనుముతోనే బతుకు. యుద్ధనౌకల మీద ఇష్టం అంతకన్నా పాతది. మా నాన్న కొన్నాళ్లు విశాఖలో ఓడల మరమ్మతు పనికి కూలీగా వెళ్లి, వచ్చి చెప్పిన కబుర్లతో మొదలైంది. ఈ సంక్రాంతికి నాకోసమని కొనుక్కున్నది ఒకటే: రెండో ప్రపంచ యుద్ధం నాటి జపాన్ యుద్ధనౌక యమాటో ప్లాస్టిక్ కిట్ (ముక్కలు అతికించి కట్టుకునే బొమ్మ ఓడ), అసలు ఓడలో ఏడు వందల్లో ఒక వంతు సైజు. ఆన్‌లైన్‌లో 2,650 రూపాయలు పడింది. షాపు మూశాక కూర్చుంటే పదకొండు రాత్రులు పట్టింది.

ముందు పార్సిల్ సంగతి. మా పిన్‌కోడ్‌కు డెలివరీ లేదన్నారు. ఒడిశా సరిహద్దు అవతల ఆంధ్రలో, పాతపట్నంలో ఉన్న చెల్లెలి అడ్రస్ ఇచ్చాను. తీరా చేతికొచ్చేసరికి పెట్టె ఒక మూల నలిగి లోపలికి పోయింది. పెద్ద ఫిరంగుల గొట్టాల్లో రెండు విరిగాయి, మూడోది పెట్టెలోనే లేదు. అమ్మినవాళ్లకు ఫొటోలు పంపాను, మూడుసార్లు మెసేజ్ పెట్టాను. ఇప్పటికీ జవాబు లేదు. కిట్ చేసినవాళ్లు ముక్కలు అమర్చిన ప్రతి చట్రాన్నీ వేరువేరు కవర్లలో జాగ్రత్తగానే పెట్టారు. అంత నాజూకు సామాను పైన ఒక్క పొర బబుల్ షీట్ కూడా చుట్టకుండా పంపడం నాకు బాధ కలిగించింది.

విరిగిన గొట్టాలను ఊరికే వదలబుద్ధి కాలేదు. అసలు ఫిరంగి లోపలి వ్యాసం 46 సెంటీమీటర్లు. 700తో భాగిస్తే 0.66 మిల్లీమీటర్లు. మందుల షాపుకు వెళ్లి 20 నంబరు ఇంజక్షన్ సూదులు తెచ్చి వెర్నియర్‌తో (సన్నటి కొలతలు తీసే పరికరం) కొలిచాను. బయట 0.9, లోపలి రంధ్రం దాదాపు 0.6. ఇంతకన్నా దగ్గరి కొలత నాకెక్కడ దొరుకుతుంది! సూదిని గ్రైండర్‌తో గానీ ప్లయర్‌తో గానీ కోస్తే నోరు మూసుకుపోతుంది. సన్నటి ఆకురాయితో చుట్టూ గీత పెట్టి, మెల్లగా వంచి విరవాలి. తర్వాత కొసను నీళ్లలో తడిపిన ఎమెరీ కాగితం మీద గుండ్రంగా తిప్పుతూ నునుపు చేశాను. మా ఊళ్లో కొమ్ముతో కొంగలు, రొయ్యలు చేసే పనివాళ్ల దగ్గర చూసి నేర్చుకున్న పద్ధతి అది. కిట్‌లో వచ్చిన గొట్టాలకు కొసన రంధ్రమే లేదు, మూసి ఉన్నాయి. సూదులకు నిజమైన నోరు ఉంది. అందుకని మంచిగా ఉన్న ఆరింటినీ తీసేసి తొమ్మిదికి తొమ్మిదీ సూదులే పెట్టాను.

తొమ్మిది ఫిరంగులు మూడేసి చొప్పున మూడు బురుజుల్లో, అంటే ఫిరంగులతో పాటు తిరిగే ఉక్కు గదుల్లో, ఉంటాయి. యుద్ధనౌక మీద ఇంతకన్నా పెద్ద ఫిరంగులు ఎవరూ ఎక్కించలేదు. ఆ కొలత శత్రువుకు తెలియకూడదని జపాన్ నౌకాదళం కాగితాల మీద వీటిని 40 సెంటీమీటర్ల ఫిరంగులనే రాసుకుంది. కవచాన్ని చీల్చే గుండు ఒక్కోటి 1,460 కిలోలు, అంటే రెండు చిన్న కార్లంత బరువు. అది 42 కిలోమీటర్లు వెళ్తుంది. పర్లాకిమిడిలో పేలిస్తే పలాస దాటి పడుతుందన్నమాట. ఒక్క బురుజు బరువే దాదాపు 2,500 టన్నులు. ఆ కాలపు డిస్ట్రాయర్ అనే చిన్న యుద్ధనౌక మొత్తం కలిపితే ఇంచుమించు అంతే. కిట్‌లో ఆ బురుజు నా బొటనవేలి గోరు కన్నా కాస్త పెద్దగా ఉంది. వేలితో తిప్పితే తిరుగుతుంది కూడా.

కొలతల విషయంలో ఈ కంపెనీకి దండం పెట్టాలి. అసలు ఓడ పొడవు 263 మీటర్లు, వెడల్పు 38.9 మీటర్లు. లెక్క ప్రకారం కిట్ 375.7 మి.మీ., 55.6 మి.మీ. ఉండాలి. నా టేపులో 376 వచ్చింది, వెర్నియర్‌లో 55.5 వచ్చింది. మొదటి బురుజు దగ్గర డెక్కు కిందికి దిగి, మళ్లీ ముక్కు వైపు పైకి లేచే ఒంపు ఉంది. దాన్ని అచ్చు గుద్దినట్టు పోశారు. చాలాసేపు కంటి ఎత్తులో పెట్టుకుని ఆ ఒంపునే చూస్తూ కూర్చున్నాను.

అడుగు భాగం మాత్రం లేదు. ఓడ నీళ్ల మీద తేలుతున్నట్టు బల్ల మీద పెట్టుకునే రకం ఇది. తొమ్మిదో తరగతి చదివే మా అమ్మాయి, "నాన్నా, సగం ఓడకి పూర్తి డబ్బులు తీసుకున్నారా?" అంది. సగమేమీ కాదు గానీ, నీళ్ల కింద ఉండే పది మీటర్ల పైచిలుకు లోతు, ముక్కు కింద నీటిని చీల్చే గుండ్రటి ఉబ్బు చూడాలనుకునేవాళ్లు పూర్తి అడుగు ఉన్న కిట్ కొనుక్కోండి.

పూర్తయ్యాక పక్కన వెండి పనిచేసే ఆయన త్రాసులో తూచాను. 140 గ్రాములు. పూర్తి సామానుతో యమాటో బరువు సుమారు 72 వేల టన్నులు. పొడవు, వెడల్పు, ఎత్తు మూడూ 700 వంతులు తగ్గాయి కాబట్టి బరువును 700తో మూడుసార్లు భాగించాలి. 210 గ్రాములు వస్తుంది. అడుగు లేని నా కిట్ అంతకన్నా తేలికే. మన కొత్త ఐఎన్ఎస్ విక్రాంత్ పొడవు 262 మీటర్లు, అంటే దాదాపు యమాటో అంతే. బరువు మాత్రం 45 వేల టన్నుల దాకా ఉంటుంది. విక్రాంత్ విమానాలను మోస్తుంది, యమాటో ఉక్కును మోసింది. కవచం ఒక్కటే 20 వేల టన్నుల పైన.

ఆ కవచం కిట్‌లో కనబడదు. పక్క గోడకు 410 మి.మీ., బురుజు ముఖానికి 650 మి.మీ. 410ని 700తో భాగిస్తే 0.59. కిట్ గోడ ప్లాస్టిక్కే అంతకన్నా మందం. అంకె చదివితే నాకు తృప్తి కలగలేదు. అప్పుడు షాపులో ఒక షెడ్డు ఆర్డరుకు కోసి పెట్టిన బేస్ ప్లేట్లు ఉన్నాయి. అడుగు పొడవు, అడుగు వెడల్పు, 10 మి.మీ. మందం. నేనూ మా కుర్రాడూ కలిసి ఒకదాని మీద ఒకటి 41 పేర్చాం. నా మోకాలి దాకా వచ్చింది. ప్లేటు 7.3 కిలోలు, మొత్తం దాదాపు 300 కిలోలు. ఒక్క చదరపు అడుగుకే ఇంత! 8 మి.మీ. ప్లేటు కోసినప్పుడే కట్టర్ మంట ఎంతసేపు పట్టాలో నాకు తెలుసు. మోకాలెత్తు ఉక్కును ఒకే పలకగా పోసి, వంచి, గట్టిపరిచి, 20 డిగ్రీలు వాలుగా నిలబెట్టారు. వాలు పెడితే ఎదురుగా వచ్చే గుండుకు దారి పొడవవుతుంది, 410 కాస్తా 436 అవుతుంది. చుట్టూ ఇలా కప్పాలంటే ఓడ తేలదు కాబట్టి ఇంజన్లు, మందుగుండు ఉన్న మధ్యభాగానికే, పొడవులో సగానికి కాస్త పైగా, ఈ కోట కట్టారు. ముక్కు, తోక పలచగానే ఉండిపోయాయి.

ఇంత చేసిన ఓడ దెబ్బ తిన్నది అతుకు దగ్గర. 1943 డిసెంబరు 25న స్కేట్ అనే అమెరికా జలాంతర్గామి వేసిన టార్పెడో తగిలి, పైకవచం కింది కవచాన్ని కలిసే చోట జాయింటు లోపలికి పోయింది. సుమారు 3 వేల టన్నుల నీళ్లు లోపలికి వచ్చాయి. ఇది చదివిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు. ప్లేటు బలం నమ్ముకుని జాయింటు తేలిగ్గా తీసుకున్న పనులు నేనూ చూశాను, ఒకసారి చేశాను కూడా. ఈ కిట్‌లోనూ లోపం అక్కడే ఉంది. డెక్కు గోడతో కలిసే చోట కుడి పక్క అర మిల్లీమీటరు సందు వచ్చింది. అసలు సైజులో అది 35 సెంటీమీటర్లు. పుట్టీ పెట్టి, ఆరాక ఎమెరీ కొట్టాల్సి వచ్చింది.

ఇంకో లోపం చిన్న ఫిరంగులది. కిట్ 1945 నాటి రూపం. అప్పటికి పక్క బురుజులు రెండు తీసేసి, ఆ జాగాలో విమానాలను కొట్టే ఫిరంగులు నింపారు. 25 మి.మీ.వి 150కి పైగా ఉండేవి. 25ను 700తో భాగిస్తే వెంట్రుక కన్నా సన్నం. ప్లాస్టిక్‌లో అది సాధ్యం కాదు, అందుకని చీపురు పుల్ల కొసలా పోశారు. దూరం నుంచి బాగుంటాయి, దగ్గరికి వెళ్తే మొద్దుగా ఉంటాయి. అవి అతికించడానికే నాలుగు రాత్రులు పోయాయి. ఒక్కోటీ పట్టకారుతో పెడుతుంటే ప్రతి దాని వెనకా నిలబడ్డ మనుషులు గుర్తొచ్చారు. 1945 ఏప్రిల్ 7న ఒకినావా దారిలో వందల అమెరికా విమానాలు చుట్టుముట్టాయి. టార్పెడోలు ఎక్కువగా ఎడమ పక్కనే కొట్టి ఓడను ఒరగదోశాయి. దాదాపు 3 వేల మంది పోయారు. 42 కిలోమీటర్లు కొట్టే ఫిరంగులు ఆ రోజు వాళ్లను కాపాడలేదు.

మిగతావి క్లుప్తంగా: చెక్క డెక్కు గీతలు సన్నగా, చక్కగా ఉన్నాయి. సూచనల కాగితం జపనీస్, ఇంగ్లీషులో ఉంది, బొమ్మలు చూస్తే సరిపోతుంది. గమ్, రంగులు కిట్‌లో రావు, వాటికి ఇంకో 900 అయింది. మొదటిసారి కట్టేవాళ్లు దీనితో మొదలుపెట్టకండి, చిన్న ఫిరంగుల దగ్గర విసుగొచ్చి వదిలేస్తారు.

కిట్‌కు అయిదుకు నాలుగున్నర, అమ్మినవాళ్లకు ఒకటి. ఇప్పుడు మా అమ్మాయి అమెరికా వాళ్ల అయోవా కూడా కావాలంటోంది. అది 270 మీటర్లు, యమాటో కన్నా పొడవు. పనామా కాలువ గేట్లలో పట్టాలని వెడల్పు 33 మీటర్ల దగ్గర ఆపేశారు. బల్ల మీద రెండూ పక్కపక్కన పెట్టడానికి 45 సెంటీమీటర్ల అద్దాల పెట్టెకు నిన్ననే ఫ్రేమ్ కోశాను. మూలల్లో ట్యాక్ (చుక్క వెల్డు) వేసి వదిలేయకుండా నాలుగూ పూర్తిగా వెల్డ్ చేశాను.